ముంగాళ్ళ పట్టీలు

"మంగళవారం పొద్దున ఎన్నింటికి చేరావు?"

"ఆరుంబావుకి, ఆంటీ."

"గుర్రాన్ని బయటికి తెచ్చింది?"

"ఏడున్నరకి."

"పడింది?"

"ఏడూ నలభై రెండుకి. కెమెరాలో టైమ్ ఉంది."

"దాని కాళ్ళకి పట్టీలు ఎవరు కట్టారు?"

అచ్యుత్ బల్ల మీద ఎండిపోయిన చట్నీ మరక వైపు చూశాడు. కెనడాలో, వాంకూవర్ పక్కన సర్రీలో ఓ ఇంటి బేస్‌మెంట్ అది. ఐదుగురు కుర్రాళ్ళు కలిసి ఉంటున్నారు. మిగతా నలుగురూ కాలేజీకో డ్యూటీకో పోయారు, లేదా నేను వస్తున్నానని తెలిసి పోయారు. గోడ గడియారంలో పదీ ఇరవై అయింది.

"నాకు తెల్వదు ఆంటీ. నేను ముట్టుకోలే."

"ఆ మాట పోలీసులకి చెప్పావు, చదివాను. పట్టీ కొక్కెం మీద నీ వేలిముద్రలున్నాయి. అదీ చదివాను."

వాడు తల ఎత్తలేదు. ఎత్తమనే ధైర్యం నాకూ లేదు. ఆ సంగతి కాస్త ఆగి చెబుతాను, ముందు కేసు చెప్పనివ్వండి.

నా పేరు రూపవతి. పేరు చూసి మనిషిని ఊహించుకున్నవాళ్ళు తలుపు తీశాక కాస్త నిరాశపడతారు. కాకినాడలో పదకొండేళ్ళు పోలీసు ఉద్యోగం చేసి, ఇక్కడికొచ్చి లైసెన్సు తీసుకుని డిటెక్టివ్‌గా బతుకుతున్నాను. లాంగ్లీ దగ్గర ఓ గుర్రాలశాలలో సినిమా తీస్తున్నారు. నూరేళ్ళ కిందటి మూగ కౌబాయ్ సినిమాల్లో గుర్రాల్ని చూసుకున్న మనుషుల కథ. తెర మీద హీరో గుర్రం దిగి టోపీ సర్దుకుంటే, ఆ గుర్రం చెమట తుడిచి, గిట్టలు గీకి, పడిపోతే లేపి, లేవకపోతే పాతిపెట్టినవాళ్ళ కథ.

ఆ రోజుల్లో గుర్రం పల్టీ కొట్టాలంటే ఒక పద్ధతి ఉండేది. ముంగాళ్ళకి తోలుపట్టీలు బిగించేవాళ్ళు. వాటికి సన్నటి ఉక్కుతీగ తగిలించి, తీగ రెండో కొసని భూమిలో పాతిన గుంజకి కట్టేవాళ్ళు. గుర్రం పరుగు మీద ఉండగా తీగ అయిపోతుంది. కాళ్ళు ఆగుతాయి, ఒళ్ళు ఆగదు. ఎక్కడ పడతామో రౌతుకి తెలుసు, గుర్రానికి తెలీదు. ఇప్పుడా పని చేస్తే కటకటాలే. ఈ సినిమాలో కూడా ఆ పట్టీలు ఒకే ఒక్క షాట్ కోసం, నిలబడి ఉన్న గుర్రానికి, తీగ లేకుండా కట్టాలని కాగితం మీద రాసుకున్నారు.

మంగళవారం పెన్నీ అనే ఎర్రగుర్రం ఆ పట్టీలతోనే పరిగెత్తింది. తీగతో సహా. మెడ విరిగితే అక్కడే ఇంజెక్షన్ ఇచ్చి చంపేశారు. స్వారీ చేస్తున్న కెల్సీ అనే అమ్మాయి తుంటి విరిగి ఆస్పత్రిలో ఉంది, ఏమీ గుర్తులేదంటోంది. ఇవాళ శుక్రవారం. మధ్యాహ్నం రెండింటికి ఇన్సూరెన్సువాళ్ళ రిపోర్టు పోలీసులకి చేరుతుంది. అందులో అచ్యుత్ పేరుంటే కేసు పెడతారు. కేసు పడ్డ విద్యార్థి స్టడీ పర్మిట్ గతి ఏమవుతుందో ఆ బేస్‌మెంట్‌లో ఉన్న ఐదుగురికీ కంఠతా వచ్చు.

వాడి తరఫు లాయరు నన్ను పెట్టుకుంది. ఆవిడకి నేను చెప్పని ముక్క ఒకటుంది. అచ్యుత్‌ని ఆ గుర్రాలశాలలో చేర్చింది నా ఉత్తరం.

ఈ రెండు మూడేళ్ళుగా మా చర్చిలో ఆదివారం ఆరాధన అయ్యాక టీ దగ్గర నా చుట్టూ చదువులకొచ్చిన మన పిల్లలు మూగుతున్నారు. విమానాలు దింపుతున్న పిల్లలంతా మా వీధుల్లోనే తేలుతున్నారా అనిపిస్తుంది. మాజీ పోలీసు, లైసెన్సున్న డిటెక్టివ్, పైగా తెలుగావిడ. నా సంతకానికి ఇక్కడ విలువ ఉంది. ఈ అబ్బాయి నాకు తెలుసు, నమ్మకస్తుడు, ఫలానా పనిలో అనుభవం ఉంది అని రాసివ్వడం నాకో అలవాటైపోయింది. మనవాడే కదా. మనం కాకపోతే ఎవరు రాస్తారు? అచ్యుత్‌ది ఖమ్మం. వాళ్ళ నాన్నది సెల్‌ఫోన్ల షాపు. గుర్రాన్ని వాడు పెళ్ళి ఊరేగింపుల్లో తప్ప చూసి ఎరగడు. సొంత గుర్రాలశాలలో ఏడేళ్ళ అనుభవం అని నేను రాశాను. గడ్డి వేసి పేడ ఎత్తడం ఏమన్నా బ్రహ్మవిద్యా అనుకున్నాను. టీ చల్లారేలోపు సంతకం కూడా అయిపోయింది.

"అచ్యుత్, నేను నీ పక్షాన వచ్చాను. నిజం చెబితేనే నా చేతిలో ఏమన్నా ఉంటుంది."

వాడు మరక మీద గోటితో గీకాడు. "పట్టీలు నేనే కట్టిన ఆంటీ."

"ఎవరు కట్టమన్నారు?"

"గోర్డ్. ఏడుంబావుకి చేతికిచ్చిండు. కాళ్ళకి దెబ్బ తగలకుండా అన్నడు."

గోర్డ్ అంటే గుర్రాలశాల పెద్ద. అచ్యుత్‌కి పై మనిషి.

"తీగ?"

"గడ్డిలో ఉంది. దాని కొక్కెం పట్టీ రింగుకి తగిలించమన్నడు. పెన్నీ బెదిరి ఉరకకుండా సేఫ్టీ తాడంట. తగిలించిన."

"రెండో కొస ఎక్కడుందో చూడలేదా?"

"గడ్డి కప్పి ఉంది. అయినా గుర్రానికి ఏమేం కడతరో నాకేం తెలుసు ఆంటీ."

"మరి ఈ మాట పోలీసులకెందుకు చెప్పలేదు?"

ఫ్రిజ్ గుర్రుమంది. వాడు లేచి దాని తలుపు గట్టిగా మూసి వచ్చి కూర్చున్నాడు.

"చెప్తే, ఏడేళ్ళ అనుభవం ఉంది కదా, ఆ పట్టీ ఏందో తెల్వదా అని అడుగుతరు. తెల్వదంటే మీ ఉత్తరం అబద్ధమైతది. మీకు మాటొస్తది ఆంటీ. లైసెన్స్ ఉన్న మనిషి మీరు."

పోలీసు ఉద్యోగంలో నన్ను తిట్టినవాళ్ళున్నారు, చెయ్యెత్తినవాళ్ళున్నారు. ఇంత సిగ్గు నాకెప్పుడూ వెయ్యలేదు. ఇరవై రెండేళ్ళ కుర్రాడు నా పరువు కాపాడటానికి తన మెడ తాడుకి ఇస్తున్నాడు. నేనేమో తేలుకుట్టిన దొంగలా నోరు మూసుకుని వాడికే డిటెక్టివ్‌నై కూర్చున్నాను. ఆ క్షణంలో లాయరుకి ఫోన్ చేసి ఉన్నది ఉన్నట్టు చెప్పి ఉండాల్సింది. చెప్పలేదు. గోర్డ్‌ని పట్టుకుంటే ఉత్తరం గొడవ లేకుండానే బయటపడొచ్చని లెక్క వేసుకుని కారెక్కాను.

గుర్రాలశాలకి పదకొండూ ముప్ఫై ఐదుకి చేరాను. నా కంటే ముందే వంశీధర్ కారు ఉంది అక్కడ.

వంశీధర్ ఇన్సూరెన్సు కంపెనీ తరఫు పరిశోధకుడు. హైదరాబాదు నుంచి డాలస్, డాలస్ నుంచి వాంకూవర్. ఇంతకుముందు మూడు కేసుల్లో ఎదురుపడ్డాం. రెండు అతను గెలిచాడు, మూడోది నేను గెలిచానని నేను మాత్రమే అనుకుంటాను. చేతిలో టాబ్లెట్, బూట్లకి బురద అంటకుండా ప్లాస్టిక్ తొడుగులు. మనిషి మాత్రం మర్యాదస్తుడే, అదే నాకు ఎక్కువ మంట.

"మేడం, మీరు కొంచెం లేట్. నా రిపోర్ట్ ఆల్మోస్ట్ అయిపోయింది."

"ఆల్మోస్ట్ అంటే కాలేదనే కదా."

"గోర్డ్‌తో మాట్లాడతారా? రండి. నేను కూడా ఉంటా. అబ్జెక్షన్ లేదు కదా?"

ఉంది. కానీ ఉందని చెప్పే హక్కు లేదు.

గోర్డ్ జీనులు పెట్టుకునే గదిలో ఉన్నాడు. డెబ్బై దాటిన మనిషి, ఎండిన తాడులా ఉంటాడు. ఇంగ్లీషులో అతనన్నది నేను తెలుగులో రాస్తున్నాను.

"పట్టీలు ఎన్నింటికి ఇచ్చారు కుర్రాడికి?" అని అడిగాను.

"ఆరూ నలభైకి. నిలబడ్డ షాటు శాల లోపలే, ఏడింటికి అయిపోయింది. అవ్వగానే విప్పమన్నాను. విప్పలేదు."

"ఏడుంబావుకి ఇచ్చారంటున్నాడు."

"వాడి మాట ఒకటి, నా మాట ఒకటి. మీ ఇష్టం."

"తీగ ఎవరిది?"

"నాదే. ఊరికే చుట్ట చుట్టి పెట్టాను, కెమెరాకి కనపడాలని. కుర్రాడు తగిలించి అలాగే వదిలేసినట్టున్నాడు. ఆ తీగ పాత కంచె మోడుకి చుట్టుకుంది. దురదృష్టం."

బల్ల మీద అట్టలు ఊడిన పాత ఆల్బం ఒకటుంది. తెరిచాను, అతను వద్దనలేదు. గాల్లో తలకిందులైన గుర్రాలు, దుమ్ములో బోర్లాపడ్డ గుర్రాలు. ప్రతి ఫోటో కింద తారీఖు, గుర్రం పేరు పెన్సిల్‌తో రాసి ఉన్నాయి. కొన్ని పేర్ల పక్కన ఇంటూ గుర్తు.

"మా తాతవి," అన్నాడు గోర్డ్. "నూట పదిహేను సినిమాలకి గుర్రాలు తెచ్చాడు. ఒక్కదాంట్లోనూ పేరు పడలేదు. ఈ సినిమాలో మొదటిసారి పడుతుంది."

"ఈ ఇంటూలు ఏమిటి?"

"లేవనివి."

మామూలుగా అన్నాడు ఆ మాట. అతని వేలు మాత్రం ఆ ఫోటో అంచు నిమురుతోంది.

"ఇలాంటి పల్టీ ఇప్పుడెవరూ తీయలేరు కదూ," అన్నాను.

"ఇప్పుడు తీసేవి పల్టీలా? మెత్తటి మట్టి పోసి, గుర్రాన్ని చిన్నపిల్లలా బజ్జోమంటారు. చూసేవాడికి తెలిసిపోతుంది."

వంశీధర్ గొంతు సవరించుకున్నాడు. నేను మాట మార్చాను.

"అచ్యుత్ పని ఎలా చేసేవాడు?"

"బాగా చేసేవాడు. ఏడేళ్ళు చేసినవాడు, ఎందుకు చెయ్యడు? ఉత్తరం ఉంది నా దగ్గర. పెద్ద మనిషి రాసింది."

అతను నా మొహంలోకి చూసి అన్నాడు. నా పేరు అతనికి తెలుసు. అయినా పాత ఉద్యోగం అలవాటు పోదు. మనిషి ధీమాగా ఉన్నప్పుడే పక్కదారిలోంచి అడగాలి.

"వచ్చిన మొదటి రోజు గుర్తుందా? పెన్నీ దగ్గరికి ఎటునుంచి వెళ్ళాడు?"

గోర్డ్ భళ్ళున నవ్వాడు. "వెనకనుంచి. బకెట్ ఊపుకుంటూ. అది తన్నిన తన్ను చెవి పక్కనుంచి పోయింది. పేడలో కూర్చుని వాడు నాకు సారీ చెబుతాడేమిటి." ఇంకా ఏదో అనబోయి నవ్వు ఆపేశాడు.

గుర్రాలు తెలిసిన మనిషి ఎప్పుడూ ఎడమ భుజం వైపునుంచి, అది చూస్తుండగా వెళతాడు. వెనకనుంచి వెళ్ళడం ఒక్కరోజు అనుభవం ఉన్నవాడు కూడా చెయ్యడు. ఆ మాట నేను పైకి అనలేదు. గోర్డ్ టోపీ తీసుకుని లేచాడు.

"ఒంటిగంటన్నరకి ఆబట్స్‌ఫర్డ్‌లో నాకు షూటింగ్ ఉంది, ఇదే సినిమాకి, ఇంకో బృందంతో. సెకండ్ యూనిట్. ఇంకేమన్నా ఉంటే రేపు." పన్నెండూ పదికి అతని ట్రక్కు గేటు దాటింది.

"విన్నావా వంశీ?"

"విన్నాను మేడం. ఫస్ట్ డే నెర్వస్‌గా ఉండొచ్చు. అది ఎవిడెన్స్ కాదు. రండి, ఎవిడెన్స్ చూపిస్తా."

గుర్రం పడిన చోటు ఇంకా రిబ్బను కట్టి ఉంది. గడ్డి చీరుకుపోయి నల్లమట్టి తేలింది. దానికి పడమర వైపు, అరవై అడుగుల దూరంలో మోకాలెత్తు కంచె మోడు ఉంది. తీగ తెగిన కొస దాని దగ్గరే దొరికిందట. వంశీధర్ మోడు మీద ఒక గాడి చూపించాడు. కర్రలో కొత్తగా, తెల్లగా కోసుకుపోయిన గాడి.

"తీగ ఇక్కడ చుట్టుకుంది. గుర్రం ఇటు నుంచి ఈస్ట్‌కి పరిగెత్తింది. ఇక్కడ లాక్ అయింది. నెగ్లిజెన్స్ బై ఎన్ ఎక్స్‌పీరియన్స్‌డ్ హ్యాండ్లర్. సింపుల్."

నేను మోడు చుట్టూ తిరిగాను. మళ్ళీ తిరిగాను.

"మీ ఇంట్లో గేదె ఉండేదా వంశీ?"

"మాది బంజారాహిల్స్ మేడం."

"అందుకే. గుంజకి కట్టిన గేదె ఒక వైపు లాగితే, తాడు గుంజకి అవతలి వైపు ఒరుస్తుంది. గుర్రం తూర్పుకి లాగింది. గాడి పడమటి వైపు పడాలి. ఇది తూర్పు మొహం మీద ఉంది."

అతను వంగి చూశాడు. వేలు పెట్టి చూశాడు. మోడుకి అవతలి వైపు చేత్తో తడిమాడు, నున్నగా ఉంది. టాబ్లెట్ చంకలో పెట్టుకున్నాడు.

"ఎవరో తీగతో ఇక్కడ రుద్దారు," అన్నాను. "గుంజ ఇంకెక్కడో ఉంది."

గొడుగు మొనతో నేల పొడుచుకుంటూ నడిచాను. మోడుకి ఉత్తరాన నాలుగడుగుల అవతల గొడుగు చెయ్యంత లోతుకి దిగిపోయింది. గడ్డి పెళ్ళ ఎత్తితే చాపలా ఊడి వచ్చింది. కింద చదరంగా తవ్విన గుంత, వదులు మట్టి. పాతిన గుంజని పెరికి, మట్టి పోసి, మీద గడ్డి పరిచారు. వంశీధర్ ఒక మోకాలి మీద కూర్చుని ఫోటోలు తీశాడు. ప్యాంటుకి బురదైంది, పట్టించుకోలేదు.

"ఇంకోటి చూడు. ఆ బురదలో మూడు కాళ్ళ గుర్తులు. కెమెరా స్టాండుది. ఆ రోజు షూటింగ్ షీట్‌లో రెండో కెమెరా ఎక్కడుండాలి?"

"గేట్ దగ్గర." అతను లేచాడు. "గోర్డ్ అడిగాడని డైరెక్టర్ చెప్పాడు. లైట్ ఇక్కడ బాగుంటుందని మార్పించాడట. నేను పెద్దగా పట్టించుకోలేదు."

"గుర్రం ఊరికే పరిగెత్తి పోవాల్సిన షాటు. మరి కెమెరా అది పడ్డ చోటు వైపు ఎందుకు చూస్తోంది?"

అతను ఆ గుర్తుల్ని కూడా ఫోటో తీశాడు. ఇక చాలనుకున్నాను. గుంత ఉంది, గాడి ఉంది, కెమెరా ఉంది. నా ఉత్తరం ఫైల్లో నిద్రపోతే ఎవరికీ నష్టం లేదు. గెలిచిన మొహం పెట్టి గొడుగుకి అంటిన మట్టి దులిపాను.

"మేడం, ఒక్కటి అడుగుతాను. ఏమీ అనుకోకండి." వంశీధర్ టాబ్లెట్ నా వైపు తిప్పాడు. నా సంతకం, నా లైసెన్సు నంబరు, నా ముద్ర. "ఈ లెటర్ మీరే రాశారు. పొద్దుట్నించీ మీరు చెబుతారేమో అని చూస్తున్నా. లాయర్‌కి చెప్పారా?"

"లేదు."

"కాన్‌ఫ్లిక్ట్ ఆఫ్ ఇంటరెస్ట్ మేడం. మీరు కనిపెట్టింది ఒక్కటీ కోర్టులో నిలబడదు."

"గుంత నేను తవ్వానా?"

"తవ్వలేదు. కానీ గోర్డ్ ఏమంటాడు? గుంజ పాతింది కూడా కుర్రాడే అంటాడు. పట్టీలు వాడు కట్టాడు, కొక్కెం వాడు తగిలించాడు. ప్రింట్స్ ఉన్నాయి. ఏడేళ్ళు గుర్రాలతో పనిచేసిన మనిషి ఆ పట్టీ చూస్తే అదేంటో తెలీదా? తెలిసే కట్టాడు. మీ లెటరే సాక్ష్యం." అతని గొంతు పెరగలేదు. "మీరు సేవ్ చేద్దామనుకుంటున్న కుర్రాణ్ణి ముంచుతున్నది ఏంటో తెలుసా? ప్రింట్స్ కాదు మేడం. ఈ పేజీ."

కోపం వచ్చింది. అతని మీద కాదు. అతను చెప్పింది నాకు పొద్దున అచ్యుత్ నోటే తెలిసింది. తెలిసీ నా దాకా రాకుండా చూసుకోవాలని లాంగ్లీ దాకా పరిగెత్తుకొచ్చాను. వేరే ఎవరన్నా ఇలా చేసి ఉంటే కంచే చేను మేసిందని నేనే వీధెక్కి అరిచేదాన్ని.

ఇంకోటి కూడా అప్పుడే తట్టింది. తట్టాక ఆ మోడు మీదే కూర్చున్నాను.

"వంశీ, గోర్డ్ నవ్వాడు చూడు. వెనకనుంచి వెళ్ళాడని."

"ఊఁ."

"వీడికేమీ రాదని మొదటి రోజే తెలిసింది అతనికి. అయినా తీసెయ్యలేదు. ఎందుకు?"

అతను నన్నే చూస్తున్నాడు.

"గుర్రాలు తెలిసినవాడెవడైనా ఆ పట్టీ చూడగానే పారేసి పోలీసులకి ఫోన్ చేస్తాడు. గోర్డ్‌కి తెలియనివాడు కావాలి. రేపు ఏదన్నా అయితే నెత్తిన రుద్దడానికి, కాగితం మీద మాత్రం అన్నీ తెలిసినవాడై ఉండాలి. ఏమీ రాదు, అన్నీ వచ్చని సర్టిఫికెట్ ఉంది. అలాంటి మనిషి కావాలన్నా దొరకడు. నేను సంతకం పెట్టి పంపించాను."

వంశీధర్ టాబ్లెట్ మీద నా ఉత్తరం మూసేశాడు.

"రికార్డర్ పెట్టు," అన్నాను.

"మేడం, మీరు ఇది రికార్డ్ మీద చెబితే లైసెన్స్ ఉండదు. ఆలోచించుకోండి. రిపోర్ట్ నేను సోమవారం దాకా ఆపగలను."

"ఆలోచించుకుంటే చెప్పను. ఇప్పుడే పెట్టు."

పెట్టాడు. పన్నెండూ యాభై ఎనిమిది అని సమయం చెప్పి మొదలుపెట్టాను. నా పేరు, లైసెన్సు నంబరు చెప్పాను. ఆ ఉత్తరంలో ఉన్నది అబద్ధమని చెప్పాను. అచ్యుత్‌ని చర్చిలో టీ దగ్గర రెండుసార్లు చూశానని, వాడి కుటుంబానికి గుర్రాలు లేవని, ఏడేళ్ళు అన్న అంకె నా బుర్రలోంచే పుట్టిందని చెప్పాను. పోలీసులకి వాడు చెప్పిన అబద్ధం నా కోసమేనని చెప్పాను. ఈ సంగతి లాయరు దగ్గర దాచానని కూడా చెప్పాను. జీవితంలో వందమంది చేత వాంగ్మూలాలు చెప్పించాను. చెప్పేవాళ్ళు నీళ్ళెందుకు అడుగుతారో ఆ రోజు తెలిసింది.

అతను రికార్డర్ ఆపి నీళ్ళ సీసా ఇచ్చాడు. ఎగతాళి చేస్తాడనుకున్నాను, చెయ్యలేదు. చేసి ఉంటే కొంచెం బాగుండేది.

"అచ్యుత్ పేరు రిపోర్ట్‌లోంచి తీసేస్తా," అన్నాడు. "కానీ మోటివ్ అర్థం కాలేదు. పల్టీ షూట్ చేద్దామనుకున్నాడు, సరే. ఆ కెమెరా ఫుటేజ్ నేను చూశాను. దుమ్ము తప్ప ఏమీ లేదు. గుర్రం రెండడుగులు ముందే పడింది, ఫ్రేమ్‌లోకే రాలేదు."

"అయితే అతనికి కావలసింది ఇంకా దొరకలేదు."

ఆ మాట నేనే అని, నేనే విన్నాను. వంశీధర్ వాచీ చూసుకున్నాడు. ఒంటిగంటా పన్నెండు.

"ఆబట్స్‌ఫర్డ్," అన్నాడు. "ఒంటిగంటన్నరకి షూటింగ్ అన్నాడు." టాబ్లెట్ మీద వేళ్ళు గబగబా కదిలాయి. "మేడం, ఈ లెటర్ మీరు ఒక్కరికే రాశారా?"

ఒక్కరికే అని చెప్పాలనిపించింది. అంత జరిగాక కూడా, ముందు నోటికొచ్చింది ఆ అబద్ధమే. మింగేశాను.

"గోర్డ్ ఫైల్లో రెండున్నాయి. రెండో దాంట్లో పేరు ధాత్రి. సెకండ్ యూనిట్ హ్యాండ్లర్," అన్నాడు వంశీధర్ టాబ్లెట్ చూస్తూ.

ధాత్రి. భీమవరం పిల్ల. ఈ దేశం తూర్పు వైపు గ్వెల్ఫ్‌లో చదువు అయ్యాక పని దొరక్క ఇటు వచ్చింది. అదే ఆదివారం, అదే టీ దగ్గర, అచ్యుత్ వెనకే నిలబడింది. నేను పేరు మార్చి అదే ఉత్తరం ఇచ్చేశాను. మగపిల్లలకే పని ఇస్తారేమో ఆంటీ, నాది కాస్త గట్టిగా రాయండి అంటే, నవ్వి ఒక వాక్యం ఎక్కువ కూడా చేర్చాను.

వంశీధర్ అప్పటికే పోలీసులకి ఫోన్ కలిపి కారు వైపు పరిగెడుతున్నాడు. ఆబట్స్‌ఫర్డ్ అరగంట దారి. నేను వెనకే పరిగెడుతూ ధాత్రికి ఫోన్ చేశాను. ఎత్తలేదు. నేనూ ఎక్కగానే అతని కారు గేటు దాటింది. మళ్ళీ చేశాను. ఎత్తలేదు. హైవే ఎక్కాక ఏడోసారి, ఒంటిగంటా ఇరవై ఆరుకి, ఎత్తింది.

"చెప్పండి ఆంటీ." గుసగుసగా మాట్లాడుతోంది. "ఫోన్లు ఇచ్చేయమన్నారండి ఇక్కడ. నేను జేబులో దాచేశా."

"గుర్రం కాళ్ళకి ఏమన్నా కట్టావా?"

"ఆఁ, ఇప్పుడే. తోలుపట్టీలు. గోర్డ్ ఇచ్చారు, దెబ్బ తగలకుండా అంట."

"విప్పెయ్యి ధాత్రీ. ఎవరేమన్నా సరే, ఇప్పుడే విప్పు."

"ఎలా విప్పనండీ?" దాని గొంతులో చిన్న గర్వం ఉంది, అమ్మకి ఫోన్ చేసి చెప్పుకునేటప్పటి గర్వం. "నేను గుర్రం మీదున్నా. వాళ్ళ రైడర్ రాలేదంట. గోర్డ్ మీ ఉత్తరం తీసి అందరికీ చదివి వినిపించారు ఆంటీ. నాకు స్వారీ కూడా వచ్చని రాశారుగా."

"దిగు," అన్నాను. "ధాత్రీ, దిగు."

అవతల ఎవరో గట్టిగా కేక పెట్టారు. గిట్టల చప్పుడు మొదలైంది.